పదిహేడు అంగుళాల ఖాళీ

శనివారం సాయంత్రం 4.50.

మంచం మీద టీచరమ్మ నిద్రపోతున్నట్టే ఉంది. కళ్లద్దాలు మడిచి దిండు పక్కన పెట్టుకుంది. దుప్పటి నడుము దాకా కప్పుకుంది. ఎక్కడా పెనుగులాట లేదు. రక్తం లేదు. చెంపలు మాత్రం ఎర్రగా ఉన్నాయి. అరవై ఆరేళ్ల మనిషికి, అందులోనూ ప్రాణం పోయిన మనిషికి, ఆ రంగు ఉండకూడదు.

ఇన్‌స్పెక్టర్ ఆ చెంపల వంక కాసేపు చూశాడు. తర్వాత గదంతా కలియజూశాడు. కిటికీలు రెండూ బార్లా తెరిచి ఉన్నాయి.

“ఎవరు తెరిచారు?”

“నేనే సార్” అంది గుమ్మంలో నిలబడ్డ నర్సు. ఆమె పై వాటాలో అద్దెకుంటుంది.

“ఎన్నింటికి?”

“నాలుగూ ఇరవై అయిదుకి. తలుపు తీయగానే నాకు కళ్లు తిరిగాయి. ముందు కిటికీలు తెరిచాను. తర్వాత నాడి చూశాను.”

“ముందు కిటికీలు, తర్వాత నాడా?”

“నేను కూడా పడిపోతే నాడి చూసేదెవరు సార్?”

సమాధానం సరిగ్గానే ఉంది. మరీ సరిగ్గా ఉన్న సమాధానాలంటే ఈ ఇన్‌స్పెక్టర్‌కి గిట్టదు. ఆమెను అనుమానితుల్లో మొదటి మనిషిగా మనసులో వేసుకున్నాడు.

అసలు అతనికి ఎవరి మీదా నమ్మకం లేదు. ఇంట్లో పాలు విరిగితే పాలవాణ్ణి, గిన్నెని, భార్యని ఆ వరుసలో అనుమానిస్తాడని హెడ్ కానిస్టేబుల్ చెప్పుకుని నవ్వుతూ ఉంటాడు. అనుమానం తీరాలంటే కొలవాలి. వడ్రంగి కొడుకు కావడంతో అతని జేబులో ఎప్పుడూ ఒక స్టీలు టేపు ఉంటుంది. స్టేషన్‌లో చాటుగా ‘టేపు సార్’ అంటారు. ఎదురుగా అనే దమ్ము ఎవరికీ లేదు.

మంచానికి ఎడమపక్క చిన్న తలుపు ఉంది. దాని వెనక మేడమెట్ల కింద మిగిలిన ఇరుకు జాగా. అందులో నిలువుగా ఒక వాటర్ హీటర్. మనిషి భుజం ఎత్తు ట్యాంకు, అడుగున గ్యాస్ బర్నర్. బర్నర్ పొగ ట్యాంకు మధ్యలోంచి పైకి వచ్చి, నెత్తిన బిగించిన రేకు గొట్టంలోంచి గోడ దాటి బయటికి పోవాలి.

పోయే దారి లేదు. గొట్టం ఊడదీసి గోడకి ఆనించి ఉంది. దాన్ని బిగించే మూడు స్క్రూలూ పక్కన చిన్న చెక్క మీద వరుసగా పెట్టి ఉన్నాయి.

ఆ పొగలో ప్రాణం తీసే వాయువుకి రంగుండదు, వాసనుండదు. కిటికీలు మూసుకుని పడుకున్న మనిషిని నిద్ర లేపకుండానే తీసుకుపోతుంది, చెంపల మీద ఎరుపు మాత్రం వదిలేసి.

“కార్బన్ మోనాక్సైడ్” అన్నాడు హెడ్ కానిస్టేబుల్. “యాక్సిడెంట్ సార్. ఎవరో మెకానిక్ గొట్టం తీశాడు, మళ్లీ పెట్టడం మర్చిపోయాడు.”

“ఎవరో ఏంటి? ఎవరో నాకు తెలుసు” అన్న గొంతు వెనకనుంచి వినిపించింది.

అతను టీచరమ్మ తమ్ముడు. యాభై దాటాయి. నాలుగు వీధుల అవతల ట్యుటోరియల్ నడుపుతాడు. పెళ్లి చేసుకోలేదు. చిన్నప్పుడే తల్లి పోతే అక్కే పెంచింది. ఇప్పటికీ ఆమె ఇంట్లోనే, వెనక గదిలో ఉంటాడు. కళ్లు వాచి ఉన్నాయి. ఏడ్చిన కళ్లే. అయినా ఇన్‌స్పెక్టర్ లెక్కలో ఏడుపు సాక్ష్యం కాదు.

తమ్ముడు గుక్క తిప్పుకోకుండా చెప్పాడు. హీటర్‌లో యానోడ్ రాడ్ మార్చడానికి ఉదయం 10.40కి మేస్త్రి వచ్చాడు. ఇరవై ఏళ్లుగా ఈ ఇంటి హీటర్ పని ఆయనదే. ఈమధ్య ఆయనకి మతిమరుపు ముదిరింది. పోయిన నెల ఇక్కడ స్పానర్ వదిలేసి, దానికోసం మూడుసార్లు వచ్చాడు. మూడోసారి ఎందుకొచ్చాడో కూడా మర్చిపోయి మంచినీళ్లు తాగి వెళ్లిపోయాడు. ఇంకొకర్ని పిలుద్దామంటే అక్క విన్లేదు.

“గొట్టం తీయడం మీరు చూశారా?”

“నా కళ్లతో చూశాను సార్. మూడు స్క్రూలు విప్పాడు. గొట్టం పక్కన పెట్టాడు. ట్యాంకుని ఓ పక్కకి వంచాడు. లోపల్నుంచి పాత రాడ్ లాగాడు. ఇంత పొడుగుంది, కర్రలా నిటారుగా.”

“ట్యాంకు వంచడం దేనికి?”

“పైన జాగా ఏది సార్? మెట్లు అడ్డం కదా. వంచితే గానీ రాడ్ రాదు. గొట్టం తీస్తే గానీ ట్యాంకు వంగదు.”

“మళ్లీ బిగించడం చూశారా?”

“లేదు. 11.30కి క్లాసుకి వెళ్లిపోయాను. ఆ మాత్రం బిగిస్తాడనుకున్నాను.”

చెప్పిందంతా హెడ్ కానిస్టేబుల్ రాశాడు. తమ్ముడు చదివి సంతకం పెట్టాడు.

మేస్త్రిని వెతుక్కుంటూ ఎవరూ వెళ్లక్కర్లేకపోయింది. సాయంత్రం 6.35కి ఆయనే స్టేషన్‌కి వచ్చాడు. అరవై ఒకటో ఏడు. నెరిసిన జుట్టు, గ్రీజు ఇంకిపోయిన గోళ్లు, భుజాన సంచి. వెంట కూతురుంది. స్కూలు బస్సు నడుపుతుంది. యూనిఫారం కూడా విప్పకుండా వచ్చేసింది.

“టీచరమ్మ పోయారట కదా సార్” అన్నాడు మేస్త్రి. “నా వల్లేనంటున్నారు.”

ఇన్‌స్పెక్టర్ కూర్చోమన్నాడు.

“ఈరోజు ఆ ఇంటికి వెళ్లారా?”

“వెళ్లాను.”

“ఎన్నింటికి బయటికొచ్చారు?”

“పన్నెండు లోపే అయ్యుంటుంది. అమ్మాయి గంట గంటకీ ఫోన్ చేస్తుంది. పన్నెండింటికి చేసినప్పుడు రోడ్డు మీదున్నాను.”

“గొట్టం తీశారా?”

మేస్త్రి చేతుల వంక చూసుకున్నాడు.

“గుర్తులేదు సార్.”

“హీటర్ మళ్లీ వెలిగించారా?”

“వెలిగించే ఉంటాను. వెలిగించకుండా ఎప్పుడూ రాను.”

“ఈరోజు వెలిగించారా అని అడుగుతున్నాను.”

“గుర్తులేదు.”

అసలు ఆ రాడ్ ఏమిటో చెప్పమన్నాడు ఇన్‌స్పెక్టర్. అంతే, మేస్త్రి గొంతు మారిపోయింది. తడబాటు లేకుండా చెప్పుకుపోయాడు. వేడినీళ్లు ఇనప ట్యాంకుని ఊరికే ఉండనివ్వవు, తుప్పు పట్టిస్తాయి. అందుకని లోపల మెగ్నీషియం కడ్డీ ఒకటి వేలాడదీస్తారు. నీళ్లు ముందు దాన్ని తింటాయి. అది ఉన్నంతకాలం ట్యాంకు జోలికి రావు. నాలుగైదేళ్లకి కడ్డీ అయిపోతుంది. అప్పుడు మార్చకపోతే ఇక ట్యాంకుకే చిల్లి. చాలా ఇళ్లలో అలాంటి కడ్డీ ఒకటుందనే తెలియదు. టీచరమ్మకి తెలుసు. నాలుగేళ్లు నిండగానే ఆవిడే కబురు పెడుతుంది. ఇరవై ఏళ్ల సంగతులు పూసగుచ్చినట్టు చెప్పిన మనిషి, ఈ ఉదయం దగ్గరికి వచ్చేసరికి మళ్లీ నీళ్లు నమిలాడు.

ఇన్‌స్పెక్టర్‌కి ఇది నచ్చలేదు. అక్కర్లేనివన్నీ గుర్తుండి, కావలసిన గంట మాత్రం గుర్తులేదంటే నటనైనా కావాలి, జబ్బైనా కావాలి. కూతుర్ని వరండాలోకి పిలిచి అడిగాడు.

ఆమె దాచలేదు. ఆరు నెలలుగా ఇలాగే ఉందని చెప్పింది. పొద్దున జరిగింది సాయంత్రానికి ఉండటం లేదు. డాక్టరు పని మాన్పించమన్నాడు. తను మాన్పించలేదు. పని లేకపోతే నాన్న కుర్చీలో కూర్చుని గోడ చూస్తూ ఉంటాడు, అది చూడలేక పంపిస్తూ వచ్చింది.

“ఆయన చంపలేదు సార్. చంపితే నేనే చంపినట్టు. తెలిసీ పంపింది నేను” అంది.

లోపలికి వచ్చేసరికి మేస్త్రి లేచి నిలబడి ఉన్నాడు.

“రాసుకోండి సార్. నేనే తీసి మర్చిపోయుంటాను. సంతకం పెడతాను. ఆవిడ నా చేతి పని మీద నమ్మకంతో పడుకుంది.”

“ఉంటాను అంటే కుదరదు. తీశాను అంటారా?”

“తీయలేదని చెప్పలేను కదా.”

ఇన్‌స్పెక్టర్ సంతకం తీసుకోలేదు. తనే చంపానని వచ్చే మనిషిని కూడా అతను అనుమానిస్తాడు. తప్పు ఒప్పుకునేవాళ్లలో ఎవరినో కాపాడేవాళ్లుంటారు. దీంట్లో కాపాడటానికి ఎవరూ కనిపించడం లేదు. తన మీద తనకే నమ్మకం పోయిన మనిషి ఎదురుగా కూర్చుంటే ఏం ప్రశ్న వేయాలో పోలీసు ట్రైనింగ్‌లో నేర్పలేదు.

హెడ్ కానిస్టేబుల్ సంచిలో సరుకు జాబితా రాశాడు. బాక్స్ స్పానర్లు మూడు. పొడుగు పిడి ఒకటి. టెఫ్లాన్ టేపు రెండు చుట్లు. గ్రీజు డబ్బా. గుడ్డపీలికలు. తుప్పు పట్టిన తీగచుట్ట ఒకటి. సంచి స్టేషన్‌లో ఉంచి, ఊరు దాటవద్దని చెప్పి ఇద్దర్నీ ఇంటికి పంపారు.

ఆదివారం ఉదయం 10 గంటలకి పోస్ట్‌మార్టం రిపోర్టు వచ్చింది. కార్బన్ మోనాక్సైడే. మధ్యాహ్నం రెండున్నరకీ నాలుగుకీ మధ్య ప్రాణం పోయింది.

10.30కి ఇన్‌స్పెక్టర్ మళ్లీ ఆ ఇంట్లో ఉన్నాడు.

హీటర్ గది తలుపు లోపలివైపు ప్లాస్టిక్ కవర్లో కంపెనీ మాన్యువల్ వేలాడుతోంది. తీసి చదివాడు. పద్నాలుగో పేజీ మూల మడిచి ఉంది. యానోడ్ రాడ్ మార్చే విధానం ఆ పేజీలోనే ఉంది. రాడ్ పొడవు నలభై రెండు అంగుళాలు. ట్యాంకు పైన అంత ఖాళీ లేకపోతే నీళ్లన్నీ వదిలేసి, పొగగొట్టం విప్పి, ట్యాంకుని పక్కకి వంచి రాడ్ లాగాలి.

జేబులోంచి టేపు తీశాడు. ట్యాంకు నెత్తి నుంచి మెట్ల అడుగు దాకా కొలిచాడు. పదిహేడు అంగుళాలు. మరో రెండుసార్లు కొలిచాడు. టేపు మాట మార్చలేదు.

“తేలిపోయింది సార్” అన్నాడు హెడ్ కానిస్టేబుల్. “నలభై రెండంగుళాల కడ్డీ పదిహేడు అంగుళాల సందులోంచి రాదు. తమ్ముడు చెప్పింది అక్షరాలా నిజం. మేస్త్రి వంచాడు, గొట్టం మర్చిపోయాడు.”

తమ్ముడు చెప్పింది అక్షరాలా నిజమే. ఆ మాటకొస్తే పద్నాలుగో పేజీలో ఉన్నది అక్షరాలా తమ్ముడు చెప్పినట్టే ఉంది. ఇన్‌స్పెక్టర్‌కి అక్కడ గొంతులో చిన్న ముల్లు గుచ్చుకుంది.

అతను మోకాళ్ల మీద కూర్చుని ట్యాంకు అడుగున టార్చి వేశాడు. మూడు ఇనప కాళ్లు. ఒక్కో కాలి చుట్టూ నేల మీద గుండ్రంగా తుప్పు మరక. ఏళ్ల తరబడి కారిన చెమ్మకి సిమెంటులోకి ఇంకిపోయింది. ఆ గుండ్రాల మీద దుమ్ము, సాలెగూడు పోగులు కాలికీ నేలకీ అతుక్కుని ఉన్నాయి. ఒక్క పోగు కూడా తెగలేదు.

మళ్లీ చూశాడు. లేచి గొట్టం దగ్గరికి వెళ్లాడు. ట్యాంకు నెత్తి మీద, కుళాయిల మీద, తలుపు గడియ మీద మేస్త్రి గ్రీజు వేళ్లు ఎక్కడ పడితే అక్కడ ఉన్నాయి. గొట్టం మీద ఒక్కటీ లేదు. స్క్రూల మీదా లేదు. తుడిచిన రేకు తళతళలాడుతోంది.

ట్యాంకు వంగలేదు. వంగకపోతే గొట్టం తీయాల్సిన పని లేదు. మరి నలభై రెండంగుళాల కడ్డీ బయటికి ఎలా వచ్చింది? అసలు వచ్చిందా? మేస్త్రి రాడ్ మార్చకుండానే మార్చానని వెళ్లిపోయాడా? మతిమరుపు మనిషి విషయంలో ఏదైనా కావచ్చు. ఇన్‌స్పెక్టర్ తల గోక్కున్నాడు.

నర్సుని పిలిచి మళ్లీ అడిగాడు. ఈసారి ఆమె ఒక కొత్త సంగతి చెప్పింది. శనివారం మధ్యాహ్నం 2.40కి డ్యూటీ నుంచి వచ్చేసరికి పెరట్లో బట్టలు ఉతికే తొట్టి దగ్గర వేడినీళ్ల కుళాయి సన్నగా పారుతూ ఉంది. ఎవరో నింపుకుంటున్నారనుకుని పైకి వెళ్లిపోయింది. 4.20కి కిందికి దిగితే ఇంకా పారుతూనే ఉంది. కట్టేసి, చెబుదామని టీచరమ్మ తలుపు తట్టింది.

“నిన్నెందుకు చెప్పలేదు?”

“కుళాయి కట్టడం కూడా చెప్పాలా సార్?”

చెప్పాలి. వేడినీళ్లు పారినంతసేపూ హీటర్ మండుతూనే ఉంటుంది. అంటే రెండు గంటలపాటు ఆ గదిలోకి పొగ ఆగకుండా వచ్చింది. కుళాయి మీద నర్సు వేళ్లే ఉన్నాయి. పైగా టీచరమ్మ ఆమెను ఇల్లు ఖాళీ చేయమని పోయిన వారమే చెప్పిందట. ఇదీ నర్సే చెప్పింది, అడక్కుండానే. ఇన్‌స్పెక్టర్ అనుమానం ఆమె చుట్టూ ఒక ప్రదక్షిణ చేసి ఆగిపోయింది. ఆమె పన్నెండు నుంచి రెండున్నర దాకా వార్డులో ఉన్నట్టు ఆస్పత్రి రిజిస్టరు చెబుతోంది.

టీచరమ్మ బల్ల సొరుగులో ఒక ఉత్తరం దొరికింది. పోస్టు చేయలేదు. విద్యాశాఖ బోర్డుకి రాసింది. పైన మర్నాటి సోమవారం తేదీ వేసి ఉంది. తాను హెడ్‌మిస్ట్రెస్‌గా ఉన్నప్పటి స్కూలు సీలు ఒకటి ఇంట్లో మిగిలిపోయిందని, దాన్ని వాడి తన తమ్ముడు తన ట్యుటోరియల్ పిల్లలకి దొంగ సర్టిఫికెట్లు ఇస్తున్నాడని, తానే వచ్చి వివరాలు ఇస్తానని రాసింది. ముత్యాల్లాంటి అక్షరాలు. ఎక్కడా చెయ్యి వణకలేదు.

ట్యుటోరియల్‌కి వెళ్లి విచారిస్తే, శనివారం ఒంటిగంట నుంచి మూడింటిదాకా పరీక్ష జరిగిందని తెలిసింది. సారు జిరాక్స్ కోసమని 1.55కి బయటికి వెళ్లి 2.25కి వచ్చారని ముందు బెంచీ అమ్మాయి చెప్పింది. పేపర్లు తెచ్చారా అంటే, తేలేదంది. జిరాక్స్ షాపు శనివారం మధ్యాహ్నం మూసి ఉంటుందని కూడా అంది.

“ఇంకేం సార్, పట్టుకుందాం” అన్నాడు హెడ్ కానిస్టేబుల్.

“అక్కని చూసి రావడానికి ఇంటికెళ్లానంటాడు. గొట్టం మేస్త్రి తీశాడంటాడు. మేస్త్రిని అడిగితే గుర్తులేదంటాడు. కోర్టులో ఎవరి మాట నిలబడుతుంది?”



సోమవారం ఉదయం 10.40.

టీచరమ్మ పడకగదిలో అయిదుగురు నిలబడ్డారు. గోడవారగా తమ్ముడు. కిటికీ దగ్గర నర్సు. గుమ్మంలో మేస్త్రి, ఆయన పక్కన కూతురు. సంచి పట్టుకుని హెడ్ కానిస్టేబుల్. ఇన్‌స్పెక్టర్ హీటర్ గది తలుపు తీశాడు. పొగగొట్టాన్ని దాని చోట పెట్టించి మూడు స్క్రూలూ బిగించి ఉంచాడు.

“పెద్దాయనా, ఈ హీటర్‌లో యానోడ్ రాడ్ తీసి మళ్లీ పెట్టాలి. మీ పద్ధతిలో మీరు చేయండి. నన్నేం అడగొద్దు.”

కూతురి ముఖం పాలిపోయింది. హెడ్ కానిస్టేబుల్ ఇన్‌స్పెక్టర్ చెవిలో, ఆయన చెయ్యి గొట్టం మీదకి పోతే ఏంటి సంగతి అని గుసగుసలాడాడు. పోతే మేస్త్రి పని అయిపోయినట్టే. ఆ సంగతి ఇన్‌స్పెక్టర్‌కి ముందే తెలుసు.

మేస్త్రి లోపలికి వెళ్లాడు. క్షణం ఆగాడు. తర్వాత చేతులు కదిలాయి.

గ్యాస్ కట్టాడు. చన్నీళ్ల వాల్వ్ కట్టాడు. బాత్‌రూమ్‌లో వేడినీళ్ల కుళాయి తిప్పి ఒత్తిడి వదిలాడు. అడుగు కుళాయికి గొట్టం తగిలించి రెండు బకెట్ల నీళ్లు తీశాడు. రెండే. ట్యాంకు నెత్తిన నల్లటి ప్లాస్టిక్ మూత మీద వేలితో కొట్టి చూసి, దాన్ని గోటితో లేపాడు. కింద వేడి పోకుండా నింపిన పసుపు రంగు ఫోము. అందులో వేలు దూర్చి వెతికాడు. ఆరు పలకల నట్టు దొరికింది. బాక్స్ స్పానర్ పెట్టాడు. పొడుగు పిడి తగిలించాడు. ఒక్క ఊపుతో వదులు చేశాడు.

అప్పుడు తల ఎత్తి మెట్ల అడుగు చూశాడు. జానతో కొలిచాడు. రెండు జానలు లేదు.

ఎడమచెయ్యి గొట్టం వైపు లేచింది.

కూతురు కళ్లు మూసుకుంది. తమ్ముడు ఒక అడుగు ముందుకి వేశాడు.

చెయ్యి గొట్టాన్ని తాకలేదు. దాని వెనకనుంచి చుట్టూ పోయి నట్టుని అవతలి పక్కనుంచి పట్టుకుంది. కుడిచెయ్యి ఇవతలి పక్క పట్టుకుంది. మెల్లిగా పైకి లాగాడు. తెల్లటి కడ్డీ ఎనిమిది అంగుళాలు వచ్చి ఆగింది. ఆ ముక్క పక్కకి వాలిపోయింది. దాని వెనక తీగతో కలిపిన రెండో ముక్క వచ్చింది. అదీ వాలింది. మూడోది, నాలుగోది, అయిదోది. కీళ్లున్న బొమ్మ పాములా మొత్తం రాడ్ ఆయన మోచేతి మీదకి చేరింది.



“ఇదేం రాడ్?” అన్నాడు ఇన్‌స్పెక్టర్.

“లింకుల రాడ్ సార్” అన్నాడు మేస్త్రి, చిన్న పిల్లాడికి చెప్పినట్టు. “ఇక్కడ నిటారు రాడ్ ఎక్కదు కదా. మెట్లు అడ్డం. ఇరుకు జాగాల్లో నేనెప్పుడూ ఇదే వేస్తాను. ట్యాంకు వంచితే పైపులు లీకవుతాయి. వంచకూడదు.”

ఇన్‌స్పెక్టర్ తమ్ముడి వైపు తిరిగాడు. “కర్రలా నిటారుగా ఉందన్నారు.”

తమ్ముడు తడుముకోలేదు. “నేను చెప్పింది పాత రాడ్ గురించి. ఇది కొత్తది. ఈ ట్యాంకు కొని నాలుగేళ్లే, పాతది కంపెనీ వేసిందే, నిటారుగానే ఉంటుంది. దాన్ని తీయడానికే వంచాడు.”

మంచి జవాబు. ఇన్‌స్పెక్టర్ మాత్రం సంచిలో చెయ్యి పెట్టి తుప్పు పట్టిన తీగచుట్ట బయటికి తీశాడు. శనివారం జాబితాలో రాసుకుని, అక్కర్లేని తుక్కు కింద వదిలేసిన చుట్ట. రాత్రి దాన్ని కొలిచి చూశాకే అతనికి అనుమానం తగిలింది. చుట్ట విప్పకుండా తీగ వెంబడి కొలిస్తే నలభై రెండంగుళాలు ఉంది.

“పెద్దాయనా, ఇదేంటి?”

మేస్త్రి చుట్టని అందుకుని చివర నలుపు గోకాడు. కింద ఆరు పలకల నట్టు బయటపడింది.

“పాత రాడ్. మెగ్నీషియం అంతా నీళ్లు తినేశాయి, నడిమి తీగే మిగిలింది. తీగ వంగుతుంది సార్. లాగుతూ వంచుకుంటూ పోతే ఈ సందులోంచే వచ్చేస్తుంది.” చుట్టని తిప్పి చూశాడు. “ఇది నేను చుట్టిందే. నేను కుడివైపుకి చుడతాను.”

ఇన్‌స్పెక్టర్ అందరికీ చెప్పాడు. ట్యాంకు కాళ్ల కింద సాలెగూడు తెగలేదు, కనక ట్యాంకు వంగలేదు. పాత కడ్డీ వంగి వచ్చింది, కొత్తది ముక్కలుగా వెళ్లింది, కనక వంచాల్సిన అవసరమే రాలేదు. వంచనప్పుడు గొట్టం విప్పిన మనిషి మేస్త్రి కాడు. రాడ్ మార్చాలంటే గొట్టం విప్పి తీరాలని ఈ ఇంట్లో నమ్మిన మనిషి ఒక్కడే ఉన్నాడు. అతను మేస్త్రి పని చూడలేదు. పద్నాలుగో పేజీ చదివాడు. చదివిందే చూశానని సంతకం పెట్టాడు.

“1.55కి బయల్దేరి ఇంటికొచ్చారు. మీ అక్క నిద్రలో ఉంది. గొట్టం విప్పారు, తుడిచారు, పెరట్లో కుళాయి తిప్పి వెళ్లిపోయారు. మతిమరుపు మనిషి మీదకి నేరం పోతుందని లెక్కేశారు. ఆయన కూడా కాదనలేడని మీకు తెలుసు.”

తమ్ముడు నర్సు వంక చూశాడు. మేస్త్రి వంక చూశాడు. ఎక్కడా ఆసరా దొరకలేదు. అక్క మంచం అంచున కూలబడ్డాడు.

“ఒక్క వారం అడిగాను” అన్నాడు. “ఒక్క వారం ఇస్తే సీలు తగలబెట్టేసేవాణ్ణి. సోమవారం అంటే సోమవారమే అంది. చిన్నప్పుడు హోంవర్కుకి కూడా అంతే.”

హెడ్ కానిస్టేబుల్ అతన్ని లేవదీసి బయటికి నడిపించాడు. నర్సు కొంగుతో కళ్లొత్తుకుంది. టీచరమ్మంటే ఆమెకి ఇష్టమని అప్పుడు తెలిసింది. ఇల్లు ఖాళీ చేయమన్నది కూడా, ఆస్పత్రికి దగ్గరలో మంచి ఇల్లు చూసిపెట్టిన తర్వాతేనట.

మేస్త్రికి ఇవేవీ పట్టినట్టు లేదు. నట్టు మరల మీద టెఫ్లాన్ టేపు చుట్టాడు. లింకుల రాడ్‌ని ఒక్కో ముక్కా ట్యాంకులోకి దించాడు. నట్టు బిగించాడు. చన్నీళ్లు వదిలి, చెమ్మ వస్తోందేమోనని చుట్టూ వేలు పెట్టి చూశాడు. మూత పెట్టాడు. గ్యాస్ తిప్పి బర్నర్ వెలిగించాడు. చేతులు తుడుచుకుంటూ బయటికి వచ్చి కూతుర్ని అడిగాడు.

“అయితే నేను కాదా?”

“కాదు నాన్నా.” ఆమె ఆయన భుజం మీద తల పెట్టి భోరుమంది. రెండు రోజులుగా బిగబట్టుకున్న ఏడుపు. ఆయన ఎందుకో తెలియనట్టు ఆమె వీపు నిమిరాడు. ఇన్‌స్పెక్టర్ గోడ వైపు తిరిగాడు. అతనికీ కళ్లు చెమర్చాయి. అది బయటపడటం అతనికి ఇష్టం లేదు.

గేటు దగ్గర మేస్త్రి ఆగాడు. కూతుర్ని ముందుకి పొమ్మని ఇన్‌స్పెక్టర్ దగ్గరికి వెనక్కి వచ్చాడు.

“సార్, ఈ సంగతి ఒక కాగితం మీద రాసివ్వండి.”

“దేనికి?”

“సాయంత్రానికి మర్చిపోతాను. టీచరమ్మ పోయిందన్నది ఎవరో ఒకరు గుర్తుచేస్తారు. నేను కాదన్నది ఎవరు గుర్తుచేస్తారు? మళ్లీ నేనేమోననుకుంటాను. రోజూ అనుకుంటాను.”

ఇన్‌స్పెక్టర్ జీపు బానెట్ మీద కాగితం పెట్టి పెద్ద అక్షరాలతో రాశాడు. టీచరమ్మ చావుకి మీరు కారణం కాదు. పొగగొట్టం మీరు ముట్టుకోలేదు. నేను స్వయంగా చూశాను. కింద సంతకం, తేదీ, 11.48 అని టైము వేసి, జీపులో ఉన్న స్టేషన్ ముద్ర కొట్టి ఇచ్చాడు.

మేస్త్రి కళ్లజోడు పెట్టుకుని పైకి చదివాడు. రెండోసారి చదివాడు. కాగితం మడవకుండా తిరిగి ఇచ్చాడు.

“రాడ్ సరిగ్గానే బిగించానని కూడా రాయండి సార్.”

ఇన్‌స్పెక్టర్ కలం మూత మళ్లీ తీసి, ఆ మాట కూడా రాశాడు.